పదేళ్ల వీసా, ఆరు నెలల మకాం: అమెరికాలో అమ్మానాన్నలు ఎన్నాళ్లు ఉండొచ్చు?

గుంటూరు నుంచి వచ్చి డాలస్‌లో కూతురి దగ్గర ఉంటున్న మా బాబాయి జూన్ చివర్లో ఫోన్ చేశారు. మనవరాలి పుట్టినరోజు ఆగస్టులో, అది చూసుకునే వెళ్దామని టికెట్ తేదీ మార్పించుకుంటున్నారట. "నాకేం ఇబ్బంది లేదురా, వీసా 2033 దాకా ఉంది, ఇక్కడ దిగినప్పుడు ఇచ్చిన గడువు కూడా సెప్టెంబర్ ఏడు దాకా ఉంది" అన్నారు. ఆ గడువు ఉన్న కాగితం ఫొటో తీసి వాట్సాప్‌లో పంపమన్నాను. అందులో 07/09 అని ఉంది. అమెరికాలో నెల ముందు రాస్తారు, రోజు తర్వాత. అంటే అది సెప్టెంబర్ ఏడు కాదు, జులై తొమ్మిది. ఆయన దగ్గర మిగిలింది రెండు వారాలు కూడా లేదు.

బాబాయి బ్యాంకులో ముప్పై ఏళ్లు పనిచేసి రిటైరైన మనిషి. కాగితాలు చదవడం రాక జరిగిన పొరపాటు కాదిది. ఇక్కడ రెండు తేదీలు ఉంటాయి, ఒకటి పాస్‌పోర్టులో కంటికి కనబడుతూ ఉంటుంది, రెండోది ఎక్కడో వెబ్‌సైట్‌లో ఉంటుంది, అసలు లెక్క ఆ రెండోదానిది. దీనికి తోడు 180 రోజులనీ, 183 రోజులనీ, ఆరు నెలలు ఉంటే ఆరు నెలలు బయట ఉండాలనీ తలా ఒక మాట చెబుతుంటారు. 2025 మేలో ఢిల్లీలోని అమెరికా ఎంబసీ సోషల్ మీడియాలో, గడువు దాటి ఉంటే డిపోర్ట్ చేయొచ్చు, శాశ్వతంగా రాకుండా నిషేధం కూడా పడొచ్చు అని హెచ్చరిక పెట్టాక, అమ్మానాన్నల్ని పిలిపించుకున్న ఇళ్లల్లో టెన్షన్ ఇంకా పెరిగింది. అందుకే ఒక్కో ముడీ విప్పుకుంటూ వెళ్దాం.

వీసా గడప దాకానే

ముందు పాస్‌పోర్టులో అతికించిన వీసా పేజీని దగ్గరగా చూడండి. ఫొటో, వీసా ఇచ్చిన ఊరు హైదరాబాద్ అని, రకం దగ్గర బీ1/బీ2 అని, ఎంట్రీస్ అన్నచోట ఎం అని ఒకే ఒక్క అక్షరం, ఇష్యూ డేట్, ఎక్స్‌పిరేషన్ డేట్. ఎం అంటే మల్టిపుల్, ఎన్నిసార్లయినా రావచ్చని. బీ1 వ్యాపార పనుల మీద వచ్చేవాళ్లకి, బీ2 చుట్టపుచూపుగానో, ఊళ్లు చూడటానికో, వైద్యానికో వచ్చేవాళ్లకి, మనవాళ్లకి రెండూ కలిపే ఇస్తారు, మామూలుగా పదేళ్లకి. ఇంత వివరం ఉన్న ఆ పేజీలో ఎన్ని రోజులు ఉండొచ్చు అన్న గడి మాత్రం వెతికినా కనబడదు. ఎందుకంటే అది వీసా ఇచ్చిన కాన్సులేట్ చేతిలో ఉన్న విషయం కాదు.

ఎక్స్‌పిరేషన్ డేట్‌కి అర్థం ఒక్కటే: ఆ తేదీలోపు అమెరికా గడప దగ్గరికి వచ్చి, లోపలికి రానివ్వండి అని అడగొచ్చు. తిరుమలలో దర్శనం టికెట్ వేరు, గది వేరు కదా. టికెట్ ఉంటే క్యూలోకి పంపిస్తారు, గది ఎప్పుడు ఖాళీ చేయాలో మాత్రం గది ఇచ్చిన కౌంటర్ స్లిప్పు మీద ఉంటుంది. టికెట్ చూపించి గదిలో ఇంకో రోజు ఉంటానంటే కుదరదు. ఇక్కడా అంతే.

దీనివల్ల రెండువైపులా ఆశ్చర్యం కలిగించే సంగతులున్నాయి. ఒకావిడ వీసా మార్చి 15తో అయిపోతుందనుకుందాం. ఆవిడ మార్చి 14న దిగారు, ఆఫీసరు సెప్టెంబర్ 13 దాకా ఉండొచ్చన్నారు. మర్నాడే వీసా గడువు ముగిసినా ఆవిడ సెప్టెంబర్ 13 దాకా నిశ్చింతగా, చట్టబద్ధంగా ఉండొచ్చు. మా బాబాయిది దీనికి తిరగేసిన కేసు: వీసా ఇంకా ఏళ్ల తరబడి ఉంది, ఉండే గడువు మాత్రం పక్షం రోజుల్లో అయిపోతోంది.

అసలు తేదీ ఉండేది ఐ-94లో

విమానం దిగాక ఇమిగ్రేషన్ కౌంటర్‌లో కూర్చునే ఆఫీసరు సరిహద్దు రక్షణ విభాగానికి చెందినవారు. అందరూ పొట్టిగా సీబీపీ అంటారు. అబుదాబి మీదుగా వెళ్లేవాళ్లకి ఈ తతంగం 2014 నుంచి అబుదాబి ఎయిర్‌పోర్టులోనే అయిపోతోంది, అమెరికాలో దిగేటప్పటికి దేశీయ ప్రయాణికుల్లా బయటికి నడిచిపోతారు. ఎక్కడైనా జరిగేది ఒకటే. ఎందుకొచ్చారు, ఎవరి దగ్గర ఉంటారు, ఎన్నాళ్లు, తిరుగు టికెట్ ఉందా అని అడుగుతారు, వేలిముద్రలూ ఫొటో తీసుకుంటారు, ఆ తర్వాత కంప్యూటర్‌లో ఒక తేదీ వేస్తారు. ఆ నమోదు పేరే ఐ-94.

ఒకప్పుడు ఇది తెల్లటి చిన్న కార్డు. విమానంలో నింపిస్తే ఆఫీసరు స్టాంపు వేసి, సగం చింపి పాస్‌పోర్టుకి పిన్ను కొట్టి ఇచ్చేవారు. తేదీ కళ్లముందే ఉండేది. 2013లో విమానాల్లో, ఓడల్లో వచ్చేవాళ్లకి దాన్ని ఎలక్ట్రానిక్‌గా మార్చారు. ఇప్పుడు చాలా చోట్ల పాస్‌పోర్టులో స్టాంపు కూడా వేయడం లేదు. సీబీపీ వెబ్‌సైట్‌లో పేరు, పుట్టినతేదీ, పాస్‌పోర్టు నంబరు కొడితే తెరమీద పదకొండు అక్షరాల ఐ-94 నంబరు, ప్రవేశించిన తేదీ, ఏ తరగతి కింద రానిచ్చారు, చివర్న అడ్మిట్ అంటిల్ డేట్ అని వస్తాయి. ఆఖరున ఉన్నదే అసలు గడువు. ఆ తేదీ నాటికి, ఆ రోజుతో సహా, దేశం దాటాలి.

నా మాట అడిగితే సౌకర్యం పేరుతో చేసిన ఈ మార్పు పెద్దవాళ్లకి మేలు చేయలేదు. పిన్ను కొట్టిన కార్డు పోతుందేమోనని మా అమ్మ దాన్ని బీరువాలో దాచేది, రోజూ చూసుకునేది. ఇప్పుడు పిల్లలు వెబ్‌సైట్ తెరిచి చూపిస్తే తప్ప ఆ తేదీ ఒకటుందని కూడా చాలామందికి తెలియదు.

ఆ తెర మీదే గమనించాల్సింది ఇంకోటుంది. బీ2 అని పడాల్సిన చోట ఒక్కోసారి బీ1 అని పడుతుంది. బీ1లో వచ్చినవాళ్లకి పనికి సరిపడా రోజులే ఇస్తారు కాబట్టి తేదీ తక్కువ పడే అవకాశం ఉంటుంది. ఇలాంటి తప్పుల్ని సరిదిద్దడానికి సీబీపీకి డిఫర్డ్ ఇన్‌స్పెక్షన్ ఆఫీసులని ఉన్నాయి, పెద్ద ఎయిర్‌పోర్టుల్లో వాటి కౌంటర్లు ఉంటాయి.

ఆరు నెలలు ఎక్కడ రాసుంది?

అందరికీ ఆరు నెలలే ఎందుకిస్తారు? ఇది ఆఫీసరు దయ కాదు, మన అదృష్టమూ కాదు. ఫెడరల్ నిబంధనల్లోనే, బీ2 విజిటర్‌ని లోపలికి రానివ్వదగ్గ మనిషేనని తేల్చుకున్నాక, తక్కువ రోజులు అడిగినా సరే కనీసం ఆరు నెలలకి రానివ్వాలని ఉంది. గట్టి కారణం ఉండి, పై అధికారి ఒప్పుకుంటేనే అంతకన్నా తగ్గించొచ్చు. పై హద్దు ఏడాది. అందుకే "నెలరోజులకే వచ్చానండీ" అని తిరుగు టికెట్ చూపించిన తాతయ్యకి కూడా ఆరు నెలల తేదీ పడుతుంది. ఆ మిగతా ఐదు నెలలూ అడగకపోయినా వచ్చినవే. అయితే నెలకని చెప్పి ఆరు నెలలూ ఉంటే అది తప్పు కాకపోయినా, తర్వాతిసారి కౌంటర్ దగ్గర ఆ ప్రశ్న ఎదురుకావచ్చు.

ఈ కనీస ఆరు నెలల నిబంధన ఒకసారి పోయేదే. 2001 సెప్టెంబర్ 11 దాడులు చేసినవాళ్లలో ఇద్దరు విజిటర్లుగా వచ్చి, ఫ్లైట్ స్కూల్లో చేరడానికి విద్యార్థి హోదా కోరినవాళ్లు. వాళ్ల పేరున అనుమతి పత్రాలు దాడులు జరిగి సరిగ్గా ఆరు నెలలయ్యాక, 2002 మార్చిలో, ఫ్లోరిడాలోని ఆ స్కూలుకి చేరాయి. దేశమంతా గగ్గోలు పుట్టింది. ఆ ఏప్రిల్‌లో ఇమిగ్రేషన్ శాఖ ఒక ప్రతిపాదన పెట్టింది: కనీస ఆరు నెలలు తీసేద్దాం, వచ్చిన పనికి ఎంత కాలం పడుతుందో విజిటరే చెప్పాలి, అది తేల్చలేకపోతే 30 రోజులే ఇద్దాం.

శాఖ వాదనలో పస లేకపోలేదు. పదిరోజుల పెళ్లికి వచ్చినవాడికి ఆరు నెలలు ఎందుకివ్వాలి, ఎక్కువకాలం ఇచ్చేకొద్దీ మనిషి వేళ్లూనుకుంటాడు కదా అన్నారు. పర్యాటక వ్యాపారులు, చలికాలమంతా ఫ్లోరిడాలో గడిపే కెనడా వృద్ధులు ఒప్పుకోలేదు. ఉద్దేశం చెడ్డదైనవాడికి 30 రోజులైనా ఒకటే, ఆరు నెలలైనా ఒకటే, నష్టపోయేది మామూలు మనుషులేనన్నారు. ఆ ప్రతిపాదన చివరికి నిబంధనగా మారలేదు. అది మారుంటే కాన్పుకి వచ్చిన అమ్మ, బిడ్డకి నెల నిండకముందే తిరుగు విమానం ఎక్కాల్సి వచ్చేదేమో.

ఆరు నెలలంటే 180 రోజులు కాదు

జనవరి 10న దిగితే సాధారణంగా జులై 9 పడుతుంది. వేళ్ల మీద లెక్కేస్తే 181 రోజులు. జులై 10న దిగితే జనవరి 9, అది 184 రోజులు. కాబట్టి రోజులు లెక్కపెట్టుకుని 180కి ఆపుకోవాల్సిన పనిలేదు, అలాగే 184 వస్తాయిలే అనుకుని తేదీ చూడకుండా ఉండటమూ పనికిరాదు. పడిన తేదీ ఏదో అదే లెక్క.

ఆ తేదీ ఆరు నెలల కన్నా ముందుకు వచ్చేసే సందర్భం ఒకటుంది, చాలామందికి ఇది తగిలేదాకా తెలియదు. పాస్‌పోర్టు నాలుగు నెలల్లో అయిపోతుందనుకోండి, ఐ-94 తేదీ కూడా ఆ పాస్‌పోర్టు ముగిసే రోజు దగ్గరే ఆగిపోవచ్చు. తర్వాత ఇక్కడి ఇండియన్ కాన్సులేట్‌లో కొత్త పాస్‌పోర్టు తీసుకున్నా ఐ-94 దానంతటదే పెరగదు. పాత పాస్‌పోర్టులో వీసా ఉండి చేతిలో కొత్తది ఉంటే రెండూ పట్టుకొచ్చినా చాలు, వీసా చెల్లుతుంది. అది వేరే సంగతి.

"కెనడా వెళ్లొస్తే మళ్లీ కొత్తగా ఆరు నెలలు ఇస్తారు" అన్నది ఇంకో మాట. నయాగరా దగ్గర కెనడా వైపుకి దాటి రెండు రోజులుండి వచ్చినంత మాత్రాన లెక్క మొదటికి రాదు. కెనడాకో మెక్సికోకో 30 రోజుల్లోపు వెళ్లొస్తే పాత ఐ-94 మీదే, మిగిలిన గడువుకే తిరిగి రానివ్వొచ్చు. కొత్తది ఇవ్వడం పూర్తిగా ఆఫీసరు ఇష్టం, గడువు పొడిగించుకోవడానికే తిరిగారనిపిస్తే అసలుకే ఎసరొస్తుంది.

ఆఖరి రోజు రాత్రి పదకొండున్నరకి టికెట్ కొనుక్కున్నవాళ్లున్నారు. విమానం గంట ఆలస్యమైతే తేదీ మారిపోతుంది. ఆ ఒక్క గంటకి ఎవరూ ప్రాణం తీయరు గానీ, తర్వాత ఎప్పుడైనా వివరణ ఇచ్చుకోవాల్సింది ఆ ప్రయాణికుడే.

వెళ్లేటప్పుడు మన దగ్గరలా స్టాంపు వేసే ఇమిగ్రేషన్ కౌంటరే అమెరికాలో ఉండదు. మరి వాళ్లకెలా తెలుస్తుంది? ప్రధానంగా విమాన సంస్థ పంపే ప్రయాణికుల జాబితా నుంచి. 2025 డిసెంబర్ 26 నుంచి అమలైన నిబంధనతో, వెళ్లే విదేశీయుల ముఖాన్ని ఫొటో తీసి పోల్చిచూసే అధికారం కూడా విస్తరించింది. గడువు దాటింది ఎవరూ చూడరులే అన్న ధీమాకి ఆధారం లేదు.

దాటితే ఏమవుతుంది: రెండు మీటర్లు, రెండు లెక్కలు

గందరగోళమంతా ఎక్కువగా ఇక్కడే. గడువు దాటాక రెండు వేర్వేరు లెక్కలు నడుస్తాయి, జనం రెంటినీ కలిపేసి "180 రోజుల దాకా ఫర్వాలేదట" అంటారు.

మొదటిది వీసా రద్దు. ఐ-94 తేదీ దాటి ఒక్కరోజు ఉన్నా ఆ వీసా చట్టప్రకారం చెల్లదు. పదేళ్లలో ఇంకా ఎనిమిదేళ్లు మిగిలున్నా సరే. మళ్లీ రావాలంటే సొంత దేశంలో కొత్తగా దరఖాస్తు, మళ్లీ ఇంటర్వ్యూ, అక్కడ ఈ సంగతే మొదటి ప్రశ్న. రద్దయినట్టు ఎవరూ ఉత్తరం రాయరు, స్టిక్కర్ అలాగే మెరుస్తూ ఉంటుంది. తెలియక దాంతోనే ప్రయాణం కట్టినవాళ్లు ఎయిర్‌పోర్టు నుంచి తిరిగి రావాల్సి రావచ్చు.

రెండోది నిషేధం. 1996లో చేసిన చట్టంతో వచ్చింది, 1997 ఏప్రిల్ 1 నుంచి అమల్లో ఉంది. గడువు దాటి 180 రోజులకు మించి, ఏడాదిలోపు ఉండి వెళ్లిపోతే మూడేళ్లు రానివ్వరు. ఏడాది లేదా అంతకుమించి ఉండి వెళితే పదేళ్లు. పద్దెనిమిదేళ్లు నిండనివాళ్లకి ఈ రోజులు లెక్కలోకి రావు.

బాబాయి కేసులోనే చూద్దాం, గడువు జులై 9. ఆయన జులై 12న వెళ్లారనుకోండి, మూడు రోజులు దాటాయి: వీసా పోయింది, నిషేధం లేదు. ఆగస్టు 25న వెళితే నలభై ఏడు రోజులు: అప్పుడూ అంతే. మరుసటి ఏడాది జనవరి 5 నాటికి 180 రోజులు నిండుతాయి, జనవరి 20న వెళ్లారంటే 195 రోజులు: వీసా పోవడమే కాదు, మూడేళ్ల నిషేధం కూడా. ఆ తర్వాతి జులై కూడా దాటిపోయి వెళితే పదేళ్లు. డెబ్భై ఏళ్ల మనిషికి పదేళ్లంటే మనవల్ని ఇక వీడియో కాల్‌లోనే చూసుకోవడం.

మరి ఎంబసీ చెప్పిన శాశ్వత నిషేధం? చట్టంలో శాశ్వతం అన్నమాట వేరే పరిస్థితికి ఉంది. మొత్తం ఏడాదికి మించి అక్రమంగా ఉండి వెళ్లిపోయి, ఆ తర్వాత దొంగదారిన సరిహద్దు దాటి వచ్చినవాళ్లకో, రాబోయినవాళ్లకో వర్తించేది అది. విజిటర్‌గా వచ్చి కొన్ని వారాలు దాటినంత మాత్రాన దానంతటదే పడదు. ఎంబసీ హెచ్చరికని కొందరు బెదిరింపన్నారు, కొందరు ఉన్నమాటే కదా అన్నారు. నాకైతే ఆ వాక్యం రాయడంలో కచ్చితత్వం తగ్గిందనిపించింది, కానీ చిన్న ఓవర్‌స్టేకి కూడా వీసా పోతుందన్న నిజాన్ని అది ఏమాత్రం మార్చదు.

పొడిగింపు అడిగితే మధ్యలో జరిగేది

గడువులోపే ఇంకొంతకాలం ఉండనివ్వమని అడిగే దారి ఉంది. దరఖాస్తు పేరు ఐ-539, పెట్టుకునేది ఇమిగ్రేషన్ దరఖాస్తులు చూసే యూఎస్‌సీఐఎస్ అనే శాఖకి. 2024 ఏప్రిల్ 1 నుంచి ఫీజు ఆన్‌లైన్‌లో అయితే 420 డాలర్లు, కాగితం మీద అయితే 470. గడువుకి కనీసం 45 రోజుల ముందు పెట్టుకోమని ఆ శాఖ సలహా, గడువు రోజు దాటకుండా చేరడం మాత్రం తప్పనిసరి. ఒకసారికి ఆరు నెలలకి మించి ఇవ్వరు. ఎందుకు ఉండాల్సి వచ్చింది, ఖర్చు ఎవరు పెట్టుకుంటారు, తిరిగి వెళ్తారని నమ్మకమేంటి అన్నవి చూపించాలి.

అసలు చిక్కు ఏంటంటే నిర్ణయం రావడానికి నెలలు పడుతుంది. జులై 9 గడువు, మే 20న దరఖాస్తు, అడిగింది జనవరి 9 దాకా. జులై 10న ఆ మనిషి హోదా ఏంటి? ఐ-94 అయిపోయింది, అనుమతి రాలేదు. ఇలాంటప్పుడు, సకాలంలో పెట్టిన నిజమైన దరఖాస్తు పెండింగ్‌లో ఉన్నంతకాలం, ఉద్యోగమేమీ చేయకుండా ఉంటే, అక్రమంగా ఉన్న రోజుల మీటరు, అంటే నిషేధం లెక్క, తిరగదు. సెప్టెంబర్ 30న నిర్ణయం రాకముందే వెళ్లిపోయారనుకోండి, వీసా కూడా రద్దవదు. దరఖాస్తు రసీదు, బోర్డింగ్ పాస్ దాచుకుంటే తర్వాతిసారి అడిగినప్పుడు చూపించొచ్చు.

అదే అక్టోబర్ 15న కాదని జవాబు వస్తే, మనిషి ఇంకా ఇక్కడే ఉంటే? నిషేధం లెక్క అక్టోబర్ 16 నుంచి మొదలవుతుంది, వీసా మాత్రం జులై 9 నాడే గడువు దాటినట్టు లెక్క కట్టి రద్దవుతుంది. ఒకే మనిషికి రెండు మీటర్లూ రెండు వేర్వేరు రోజుల నుంచి తిరిగాయి. ఈ ఒక్క సంగతి అర్థమైతే, "పెండింగ్‌లో ఉంటే భయం లేదు" అనేవాళ్లదీ "పెండింగ్ నమ్ముకుంటే మునుగుతారు" అనేవాళ్లదీ రెండూ సగం సగం నిజాలెందుకో తెలుస్తుంది.

మా అమ్మ 2019 డిసెంబర్ 8న వచ్చింది, గడువు 2020 జూన్ 7. మార్చి మూడో వారం దాటేసరికి కోవిడ్‌తో ఇండియాకి విమానాలే ఆగిపోయాయి. మే 7 నుంచి వందేభారత్ విమానాలు మొదలైనా మొదట గర్భిణులకీ, జబ్బుతో ఉన్నవాళ్లకీ, వీసా అయిపోయినవాళ్లకీ అంటూ వరస ఉంది. ఏప్రిల్‌లోనే ఐ-539 వేశాం. అమ్మకి ఆ నాలుగు నెలలూ నిద్ర లేదు. ఊళ్లో తాళం వేసొచ్చిన ఇల్లు, అక్కడ మామిడికాయల కాలం దాటిపోతోందన్న బెంగ, ఇక్కడ పోలీసు కారు కనబడితే నాకోసమేనా అన్న అనుమానం. రసీదు కాగితం మడిచి చీర మడతల్లో పెట్టుకునేది. ఆగస్టులో వెళ్లింది, అప్పటికీ జవాబు రాలేదు. 2022లో అదే వీసాతో తిరిగొచ్చింది, కౌంటర్‌లో ఆఫీసరు రెండేళ్ల కింద ఎందుకు ఎక్కువ ఉన్నారని అడిగితే రసీదు చూపించింది, ఆయన తలూపి ఆరు నెలలిచ్చారు.

జబ్బుపడి ఆసుపత్రిలో ఉండటంలాంటి చేతిలో లేని కారణాలతో గడువు దాటాక దరఖాస్తు పెట్టినా, ఆలస్యాన్ని మన్నించే వెసులుబాటు నిబంధనల్లో ఉంది. అది హక్కు కాదు, వాళ్లు ఇష్టపడితేనే.

మళ్లీ ఎప్పుడు రావచ్చు?

ఆరు నెలలు ఉంటే ఆరు నెలలు బయట ఉండాలని ట్రావెల్ ఏజెంట్లు చెబుతారు, గుడిలో కలిసినవాళ్లు చెబుతారు. చట్టంలో ఎక్కడా ఆ మాట లేదు. ఏడాదికి ఇన్నిసార్లే రావాలనీ లేదు.

అయినా ఆ మాట ఊరికే పుట్టలేదు. అమెరికా చట్టం విజిటర్‌ని, వదులుకునే ఉద్దేశం లేని సొంత ఇల్లు వేరే దేశంలో ఉన్న మనిషిగా నిర్వచిస్తుంది. మేలో కాన్పుకి వచ్చి నవంబర్‌లో వెళ్లి, మళ్లీ ఫిబ్రవరిలో వచ్చిన అత్తయ్యని చూస్తే ఆఫీసరుకి వచ్చే అనుమానం సహజం: ఈవిడ ఉండేది ఇండియాలోనా, ఇక్కడా? ఆయన వైపు నుంచి చూస్తే ఏడాదిలో ఎక్కువ రోజులు ఇక్కడే ఉండే మనిషి విజిటర్ ఎలా అవుతుంది? అత్తయ్య వైపు నుంచి చూస్తే కూతురికి కాన్పు, కోడలికి కాన్పు ఒకే ఏడాది వచ్చాయి, ఆవిడ చేయగలిగిందేముంది? రెండూ న్యాయమైన మాటలే. తేల్చేది ఆ కౌంటర్ దగ్గర ఆ రెండు మూడు నిమిషాలు. అందుకే లాయర్లు ఆరు నెలల సూత్రాన్ని చట్టంగా కాక, అనుమానం తగ్గించే అలవాటుగా చెబుతారు.

పిల్లలు అమెరికా పౌరులైతే తల్లిదండ్రులకి గ్రీన్‌కార్డు వేసే దారి ఉంది. దాని లెక్కలు పూర్తిగా వేరు, ఓవర్‌స్టేని చూసే పద్ధతి కూడా వేరు. అలాంటి ఇళ్లల్లో విన్న కబుర్లు హెచ్1బీ మీద ఉన్న పిల్లల అమ్మానాన్నలకి వర్తించవు. సగం గందరగోళం అక్కణ్ణుంచే వస్తుంది.

183 రోజులు ట్యాక్స్ వాళ్ల మాట

183 అన్న అంకెకి వీసాతో ఏ సంబంధమూ లేదు. అది అమెరికా ఆదాయపు పన్ను శాఖ లెక్క. ఈ ఏడాది ఉన్న రోజులు మొత్తం, పోయినేడాది రోజుల్లో మూడో వంతు, అంతకుముందు ఏడాది రోజుల్లో ఆరో వంతు కలిపి, 183 చేరితే పన్ను విషయంలో ఆ మనిషిని అక్కడి నివాసిగా చూస్తారు. ఏటా 120 రోజులుంటే 120, 40, 20 కలిసి 180, దాటలేదు. ఏటా 170 రోజులుంటే 170, సుమారు 57, 28 కలిసి 255, దాటేశారు. ఐ-94 గడువుల్ని ఒక్కరోజు కూడా దాటని పెన్షనరు కూడా ఇందులో పడొచ్చు. ఈ ఏడాది రోజులు 183లోపే ఉండి, ఇల్లూ వాకిలీ బంధాలన్నీ ఇండియాలోనే ఉన్నాయని ఫారం 8840తో చూపిస్తే మినహాయింపు ఉంది. ఏటా చలికాలం ఊళ్లో, ఎండాకాలం ఇక్కడ గడిపే పెద్దవాళ్లున్న ఇళ్లల్లో ఈ సంగతి ఎవరూ మాట్లాడుకోరు, ఎందుకో.

పక్క దేశాల లెక్క ఇక్కడ పనిచేయదు

లండన్‌లో కొడుకు, న్యూజెర్సీలో కూతురు ఉన్నవాళ్లు రెండు దేశాల రూల్సూ కలిపేసుకోవడం సహజం. బ్రిటన్ విజిటర్ వీసా పదేళ్లదైనా ఒక్కో రాకకి ఆరు నెలలే. కెనడాలో ఆఫీసరు వేరే తేదీ రాయకపోతే ఆరు నెలలు, తల్లిదండ్రులకీ, తాతయ్యలకీ, అమ్మమ్మ నానమ్మలకీ ఇచ్చే సూపర్ వీసా మీద 2022 జులై నుంచి ఒకేసారి ఐదేళ్ల దాకా ఉండొచ్చు. యూరప్ షెంగెన్ దేశాల్లో ఏ 180 రోజులు తీసుకున్నా అందులో 90కి మించకూడదు, అన్ని దేశాలూ కలిపి. ఆస్ట్రేలియాలో ఎన్ని నెలలుండొచ్చో వీసా ఉత్తరంలోనే రాసిస్తారు, 8503 అన్న షరతు పడితే అక్కడ ఉండగా పొడిగింపుకి దాదాపు దారి లేనట్టే. బ్రిటిష్ పాస్‌పోర్టున్న మన కజిన్ వీసా లేకుండా అమెరికా వస్తే అతనికి 90 రోజులే, పొడిగింపు లేదు. ఇండియన్ పాస్‌పోర్టుకి ఆ సౌకర్యం అసలు లేదు.

బాబాయికి ఇదంతా ఆ రాత్రి ఫోన్‌లో చెప్పాను. పుట్టినరోజు కోసమని పొడిగింపు అడగొచ్చా అని మొదట అడిగారు. అడగొచ్చు, కానీ కాదంటే ఆ వీసా పోతుందని విని కాసేపు మాట్లాడలేదు. ఆ తర్వాత మా చెల్లి ఫోన్ తీసుకుంది. జులై 6కి టికెట్ దొరికింది, పుట్టినరోజు కేక్ ఐదో తారీఖున కోశారు.